నిచ్చెన మీది కోటు

ఠాణా కొట్టులో అన్సెల్మ్ ఇంకా వేషంలోనే ఉన్నాడు. మంగళవారం మధ్యాహ్నం పట్టుకొచ్చారు. ఈరోజు గురువారం. మొహానికి పూసిన పసుపు రంగు చెవుల వెనక, మెడ మడతల్లో ఇంకా మిగిలి ఉంది. ఒంటి మీద పోలీసు కోటు. ఇత్తడి గుండీలు, భుజం పట్టీలు, అన్నీ సరిగ్గానే ఉన్నాయి. కటకటాల బయట నిలబడ్డ పొట్టి కానిస్టేబులు కోటు కూడా అదే కుట్టు, గుడ్డ రంగొక్కటే వేరు. దారిన పోయేవాడు తొంగి చూస్తే ఎవరు ఎవరికి కాపలా అని అడుగుతాడు.

నేను అతని పక్కన బల్ల మీద కూర్చున్నాను. గోడ గడియారం పదీ ఇరవై చూపిస్తోంది. నాలుగింటికి మేజిస్ట్రేటు పంపిన బండి వస్తుంది. అది ఎక్కితే పారిస్ జైలు. రెవాల్ ప్రాణం పోతే అన్సెల్మ్ మెడ మీద కత్తి పడుతుంది. రెవాల్ బతికితే పదేళ్లు. అన్సెల్మ్‌కి ఇప్పుడు యాభై ఎనిమిది.

రెవాల్ అంటే సినిమా తీయించే ఆయన. మంగళవారం ఒంటిగంట దాటాక, మోంత్రెయ్‌లో సినిమాలు తీసే అద్దాల షెడ్డులో, పై నడవ మీంచి కింద పడ్డాడు. పదిహేడు అడుగులు. అప్పటినుంచి ఆసుపత్రిలో తెలివి లేకుండా ఉన్నాడు. జనం పరుగెత్తి చూసేసరికి నిచ్చెన మొదట్లో అన్సెల్మ్ ఒక్కడే నిలబడి ఉన్నాడు. ఎందుకు నిలబడ్డావంటే చెప్పలేదు. రెండు రోజులుగా చెప్పడంలేదు.

నేను అడిగాను.

"నిచ్చెన ఎక్కావా?"

"ఎక్కలేదని చెప్పను."

"ఎక్కానని చెబుతావా?"

"అదీ చెప్పను. ఒరేయ్ మార్సియాల్, రెవాల్ కళ్లు తెరిచాడా?"

ఆ మాట అడగడం అది మూడోసారి. తెరవలేదన్నాను. అతను గోడకి జారగిలబడి కళ్లు మూసుకున్నాడు.

మా స్నేహానికి ఇరవై రెండేళ్లు. ఇప్పుడు పింఛను తింటున్నాను కాని, అప్పుడు నేను పారిస్‌లో గస్తీ పోలీసుని. అతను సంతల్లో గుడారం నాటకాలు ఆడేవాడు. పోలీసు వేషం దొరికిందని, పోలీసు ఎలా నిలబడతాడో నేర్చుకుందామని, మూడు రోజులు నా వెనకే తిరిగాడు. నాలుగో రోజు అనుమానం వచ్చి పట్టుకుని లోపలేశాను. కొట్టులో కూర్చునే నా నడుం పట్టీలో బొటనవేళ్లు దూర్చే తీరు అచ్చం నాలాగే చేసి చూపించాడు. నవ్వలేక చచ్చాను. ఆ సాయంత్రమే వదిలేశాను.

తర్వాత సినిమా వచ్చింది. గుడారం వదిలి అందులోకి వెళ్లాడు. పన్నెండేళ్లలో మూడు వందల పైచిలుకు సినిమాలు. ఎక్కువ భాగం పోలీసు వేషాలే. కప్పు మీంచి పడే పోలీసు, గుర్రబ్బండి కింద దూరే పోలీసు, జనవరి నెలలో మార్న్ నదిలో మునిగే పోలీసు. తెర మీద పేరు ఎవరిదీ వేయరు. గోడ కాగితాల మీదా వేయరు. కాఫీ దుకాణంలో జనం అతని వంక అనుమానంగా చూసేవాళ్లు. ఎక్కడో చూశాం, మాకు పొయ్యి అమ్మింది నువ్వే కదా అనేవాళ్లు. అవునండీ, బాగా మండుతోందా అని అడిగేవాడు.

అలాంటి మనిషి ఇంకో మనిషిని తోశాడంటే నేను నమ్మను. కాని నా నమ్మకం మేజిస్ట్రేటుకి అక్కర్లేదు.

నన్ను ఈ పనిలోకి దింపింది జెలీ. అద్దాల షెడ్డు వెనక రంగుల గది ఉంది. నలభై మంది ఆడవాళ్లు భూతద్దాలు పెట్టుకుని, అచ్చులు కత్తిరించి, ఫిల్ము మీద ఒక్కో బొమ్మకి రంగు వేస్తారు. వాళ్లకి పెద్ద జెలీ. తొమ్మిదేళ్లుగా వాళ్లు అన్సెల్మ్ బుగ్గలకి గులాబి, కోటుకి నీలం వేస్తున్నారు. అతను ఎన్నిసార్లు పడ్డాడో, ఏ మోకాలు ముందు ఆనిందో వాళ్లకి తెలిసినంత అతని పెళ్లానికి కూడా తెలియదు. పెళ్లాం ఆరేళ్ల కిందట పోయింది. బుధవారం పొద్దున జెలీ మా ఇంటికి వచ్చి, మా ముసలాణ్ణి తీసుకురండి అంది. ఇంకేమీ అనలేదు. 

పదకొండున్నరకి షెడ్డు గేటు దగ్గరికి వెళ్లాను. గేటు చూసే నార్సిస్ గది నేలలోకి దిగి ఉంటుంది. కిటికీ మనుషుల మోకాళ్ల ఎత్తున ఉంటుంది. అతను మొహాలు చూడడు, కాళ్లు చూస్తాడు. బూట్లు చూసి, అడుగు చూసి, ఎవరొచ్చారో పలకమీద గీత గీస్తాడు. మంగళవారం గీతలు చూపించాడు. అన్సెల్మ్ పొద్దున ఎనిమిదింటికి లోపలికి. ఒంటిగంటకి ఐదు నిమిషాల ముందు మళ్లీ లోపలికి.

మధ్యలో బయటికి ఎప్పుడు వెళ్లాడని అడిగాను. నార్సిస్ పలక తిప్పి చూశాడు. బయటికి వెళ్లిన గీత లేదు. బంగాళాదుంపలు ఒలుచుకుంటూ తను చూసుకోలేదేమో అన్నాడు. నడక అన్సెల్మ్‌దేనా అని అడిగాను.

"మునివేళ్లు ముందు ఆనించి తర్వాత మడమ పెట్టేవాడు ఈ ఊళ్లో ఇంకెవడున్నాడయ్యా? నీళ్లు చల్లగా ఉన్నాయేమో చూసుకున్నట్టు నడుస్తాడు. వాడే."

ఈ మాటే ఇన్‌స్పెక్టర్ తెస్సియేకి కూడా చెప్పాడట. ఆయన సంతోషంగా రాసుకున్నాడట.

తెస్సియే పారిస్ నుంచి వచ్చాడు. ముప్ఫై ఐదేళ్లవాడు. కాలేజీ చదివాడు. నేను షెడ్డులోకి అడుగు పెట్టేసరికి నిచ్చెన పక్కన నిలబడి ఉన్నాడు. తెల్ల చేతి తొడుగులు.

"రండి పెద్దాయనా. పై నడవ మీద ఏవో అంకెలు రాసున్నాయి. చదివి పెట్టనా?"

అంకెలు వచ్చన్నాను. నేను చదివిన మూడు తరగతుల్లో అంకెలు చెప్పారు, అక్షరాల దగ్గరే ఆపేశారన్నాను. పక్కనున్న కెమెరా మనిషి సెవెరాన్ మొహం అటు తిప్పుకుని నవ్వాడు.

నిచ్చెనకి ఇరవై రెండు మెట్లు. ఎక్కాను. మోకాళ్లు నొప్పి పెట్టాయి. పై నడవ అంటే అద్దాల కప్పు కింద రెండు చెక్కల వెడల్పున్న దారి. ఎండ ఎక్కువైతే అక్కణ్ణుంచే తెల్ల గుడ్డలు లాగి అడ్డం పెడతారు. కమ్మీ మోకాలి ఎత్తు దాటదు. రెవాల్‌కి కింద కూర్చుని తీయించే అలవాటు లేదు. పైనుంచి కేకలు వేస్తాడు. మూగ సినిమా కనక ఎంత అరిచినా నష్టం లేదు.

ఆయన పడిన చోట రెండు చెక్కల మధ్య సందు ఉంది. వేలు పెట్టి చూశాను. గట్టిగా ఏదో తగిలింది. చాకుతో పైకి తీశాను. బూటు మడమ. మేకులతో సహా ఊడి వచ్చింది.

దిగి తెస్సియే చేతిలో పెట్టాను. తోస్తే మనిషి అమాంతం పోతాడు, మడమ ఊడదు, వెనక్కి వెనక్కి నడిచేవాడికే ఇలా సందులో చిక్కుకుని ఊడుతుందని చెప్పాను. రెవాల్ దృశ్యం కొలుచుకోవడానికి వెనక్కి నడుస్తాడని సెవెరాన్ కూడా అన్నాడు. తెస్సియే మడమని రుమాల్లో చుట్టుకున్నాడు.

"ఎదురుగా ఒకడు మీదికి వస్తున్నా మనిషి వెనక్కే నడుస్తాడు పెద్దాయనా. ఆ ఒకడు ఎవరో ఫిల్ములో ఉంది. చూద్దురుగాని."

అది నిజం. మంగళవారం రెవాల్ పడేసరికి సెవెరాన్ కెమెరా తిప్పుతూనే ఉన్నాడు. ఎదురుగా చాకలి కొట్టు దృశ్యం. బొమ్మ కుడి మూల, గీసిన గోడ అంచు దాటి, నిచ్చెన కొంచెం కనబడుతుంది. తర్వాత కత్తిరించేద్దాం అనుకున్నారట.

చిన్న చీకటి గదిలో గుడ్డ మీద వేసి చూపించారు. తెస్సియే కర్ర పట్టుకుని లెక్క చెప్పాడు. సెవెరాన్ సెకనుకి రెండు చుట్లు తిప్పుతాడు. చెయ్యి తప్పకుండా లోపల్లోపల ఒక కవాతు పాట పాడుకుంటాడు. ఆ లెక్కన ఫిల్ము ఒక్కో మీటరుకి మూడు సెకన్ల పైన. ఎనిమిదో మీటరులో పోలీసు వేషంలో అన్సెల్మ్ తలుపు తోసుకుని వస్తాడు. సబ్బు నీళ్లలో జారి, తొట్టిలో కూలబడి, ఇరవై ఒకటో మీటరులో బయటికి పోతాడు. ఇరవై నాలుగో మీటరులో మూలన నిచ్చెన మీద పోలీసు కోటు, రెండు కాళ్లు. మూడు మీటర్లు కనబడి పైకి పోయాయి. నలభై ఒకటిలో అందరూ ఒక్కసారి తలలెత్తుతారు. అక్కడితో ఫిల్ము ఆగిపోయింది.

అంటే అన్సెల్మ్ తలుపు దాటిన పది సెకన్లకి నిచ్చెన మీద ఉన్నాడు. దాటిన అరవై ఐదో సెకనుకి రెవాల్ కింద ఉన్నాడు. తెస్సియే కర్ర కింద పెట్టాడు.

నేను వెళ్లి తలుపు దగ్గర్నుంచి నిచ్చెన దాకా నడిచి చూశాను. పధ్నాలుగు సెకన్లు. తెస్సియే నడిచాడు. ఎనిమిది. అన్సెల్మ్ రోజూ పడి లేచేవాడు, మీ మోకాళ్లు అతనివి కావన్నాడు. సెవెరాన్ కంగారు పడితే చెయ్యి వేగంగా తిరుగుతుందేమో అన్నాను. సెవెరాన్ నొచ్చుకున్నాడు. పదిహేనేళ్లలో తన చెయ్యి ఒక్కసారి కూడా తప్పలేదన్నాడు. ఆ దారి మూసుకుపోయింది.

పన్నెండూ నలభై అయింది. మళ్లీ వేయమన్నాను. ఈసారి జెలీని పిలిపించాను. ఆమె గుడ్డ వంక చూడలేదు. ఫిల్ము ముక్క చేతిలోకి తీసుకుని, కిటికీ వెలుగుకి పట్టి, భూతద్దం ఆనించింది. ఇరవై నాలుగో మీటరు దగ్గర ఆగింది. వెనక్కి వెళ్లి పదిహేనో మీటరు చూసింది. మళ్లీ ముందుకి వచ్చింది.

"ఈ కోటుకి మేం రంగు వేయక్కర్లేదు మార్సియాల్ గారూ. ఇది నీలమే."

తెస్సియే ఆమెని వివరంగా చెప్పమన్నాడు. ఆమెకి అది వివరంగా చెప్పాల్సిన సంగతి అనిపించలేదు. రోజూ అన్నం తినేవాడిని నమలడం ఎలా అని అడిగినట్టు చూసింది. తర్వాత చెప్పింది. ఈ ఫిల్ముకి ఎరుపు కనబడదు, నల్లగా పడుతుంది. నీలం వెలిసిపోయి బూడిదగా పడుతుంది. అందుకే పెదాలకి ఎర్ర రంగు మందంగా పూస్తే మసి పూసినట్టుంటుంది. అందుకే సినిమా పోలీసు కోటు నీలం గుడ్డతో కుట్టరు. ఇటుకరంగు గుడ్డతో కుడతారు. తెర మీద నల్లగా, గట్టిగా కనబడుతుంది. దాని మీద తమ ఆడవాళ్లు నీలం వేస్తారు. పదిహేనో మీటరులో అన్సెల్మ్ కోటు బొగ్గులా ఉంది. నిచ్చెన మీది కోటు బూడిదలా ఉంది.

నాకు సిగ్గేసింది. ఆ పొద్దున అరగంట అతని పక్కన కూర్చున్నాను. ఇటుకరంగు కోటు. ఇరవై ఎనిమిదేళ్లు నీలం కోటు తొడిగిన వాణ్ణి, అది ఎందుకు ఇటుకరంగో అడగలేదు. నాటకాల గుడ్డ అంతే అనుకున్నాను. తెస్సియే కూడా అంతే అనుకున్నాడు.

అయినా ఆయన ఒప్పుకోలేదు. మూలన ఎండ పడింది, ఎండకి నలుపు బూడిదైంది అన్నాడు. నేను వాదించలేదు. రెండు కోట్లూ ఒకే మెట్టుకి తగిలించి, అదే ఎండలో, అదే గంటకి రెండు మీటర్లు తిప్పించమన్నాను.

తెస్సియే అడిగాడు.

"తప్పని తేలితే?"

"ఇంటికి పోయి పడుకుంటాను. మీ దారికి అడ్డం రాను."

ఠాణాకి మనిషిని పంపాడు. అన్సెల్మ్ ఒంటి మీది కోటూ, కాపలా ఉన్న పొట్టి కానిస్టేబులు కోటూ తెమ్మన్నాడు. కోట్లు వచ్చాక మబ్బు పట్టింది. ఇరవై నిమిషాలు అద్దాల కప్పు వంక చూస్తూ కూర్చున్నాం. రంగుల గది ఆడవాళ్లు పని వదిలేసి గుమ్మంలో నిలబడ్డారు. ఒకామె నా చేతికి రొట్టె, మేకపాల జున్ను ఇచ్చింది. రెండో ముక్క తెస్సియేకి ఇచ్చింది, చూడకుండా. ఆయన చేతి తొడుగులు తీసి తిన్నాడు. ఒంటిగంటా నలభైకి ఎండ వచ్చింది. సెవెరాన్ తిప్పాడు.

ఫిల్ము కడిగి, అచ్చు తీసి, సగం ఆరబెట్టేసరికి మూడు కావడానికి పది నిమిషాలు తక్కువ. తెస్సియే తనే కిటికీకి పట్టి చూశాడు. ఒకే మెట్టు. ఎడమన అన్సెల్మ్ కోటు బొగ్గు. కుడిన కానిస్టేబులు కోటు బూడిద. నిచ్చెన మీద ఎక్కిన కోటూ అదే బూడిద.

ఫిల్ముని మెల్లిగా బల్ల మీద పెట్టాడు. ఆ మనిషి మీద నాకు మొదటిసారి గౌరవం కలిగింది. చిందులు వేయలేదు, సాకులు వెతకలేదు.

"అయితే మా వాడు" అన్నాడు. "నిజమైన పోలీసు."

పోలీసు గేటు దాటి లోపలికి వచ్చినా, షెడ్డంతా నడిచినా, నిచ్చెన ఎక్కినా ఇక్కడ ఎవడూ తలెత్తి చూడడు. పోలీసుని చూస్తే వేషం అనుకుంటారు. ఈ షెడ్డులో తప్ప ఇంకెక్కడా ఈ తప్పు జరగదు.

నేను కాగితం అడిగాను. అన్సెల్మ్‌ని వదిలే కాగితం. తెస్సియే చెయ్యి అడ్డం పెట్టాడు.

"ఒక్క సంగతి. కోటు మీవాడిది కాదని మీరు రుజువు చేశారు. ఒప్పుకున్నాను. నడక మాటేమిటి? గేటువాడు అన్సెల్మ్ నడక అన్నాడు. ఫిల్ములోనూ చూడండి, మునివేళ్లు ముందు, మడమ తర్వాత. పోలీసు కోటు తొడుక్కుని, అన్సెల్మ్ కాళ్లతో నడిచేవాడు ఎవడు?"

 జెలీ వంక చూశాను. ఆమె చేతిలో భూతద్దం లేదు. తడి చేతులు గౌనుకి తుడుచుకుంటోంది. అవి తుడిచీ తుడిచీ ఆరిపోయాయి. అయినా తుడుస్తోంది.

ఆమెని ఫిల్ము కడిగే తొట్ల దగ్గరికి తీసుకెళ్లాను. అక్కడ చెప్పింది, నేల వంక చూస్తూ. అన్సెల్మ్‌కి కొడుకున్నాడు. లూసియాన్. పెళ్లికి ముందు పుట్టినవాడు కనక తల్లి ఇంటిపేరే ఉండిపోయింది, బాస్తిద్. మూడేళ్ల కిందట పోలీసులో చేరాడు, కోట దగ్గరి ఠాణాలో. తండ్రి ఎవరో అక్కడ చెప్పుకోలేదు. కాని అక్కడివాళ్లు ఆదివారం సినిమాకి వెళ్లేవాళ్లు. ముక్కు చూసి, నడక చూసి, తెర మీద మీ బాబాయి మళ్లీ తొట్టిలో పడ్డాడ్రా అని ఏడిపించేవాళ్లు. వాడు గదిలోకి వస్తే ఒకడు కావాలని జారి పడేవాడు. చలికాలంలో ఒక సాయంత్రం లూసియాన్ ఈ గుమ్మం దాకా వచ్చి, పోలీసు వేషాలు మానెయ్యి నాన్నా అని బతిమాలుకున్నాడు. ఈ ఒక్కటి చేసి మానేస్తానని అన్సెల్మ్ మాటిచ్చాడు. సోమవారం రెవాల్ ఇంకో ఆరు సినిమాలు అన్నాడు. అన్నీ పోలీసువే. అన్సెల్మ్ కాదనలేకపోయాడు.

"నేను మిమ్మల్ని పిలిచింది ఆయన్ని బయటపడేయడానికి. పిల్లాణ్ణి పట్టించడానికి కాదు" అంది జెలీ. "ఇప్పుడేం చేస్తారు?"

నాకు తెలియదన్నాను. జరిగింది మాత్రం అర్థమైంది. తండ్రి మంగళవారం తలుపు దాటగానే కొడుకు నిచ్చెన ఎక్కుతుండగా చూశాడు. నిచ్చెన దగ్గరికి వెళ్లాడు. అప్పుడే రెవాల్ పడ్డాడు. కొడుకు దిగి, ఆ గందరగోళంలో కోటుతోనే బయటికి నడిచిపోయాడు. తండ్రి నిలబడిపోయాడు. రెండు రోజుల మౌనం అందుకే.

తిరిగి వచ్చేసరికి తెస్సియే టోపీ పెట్టుకుని ఉన్నాడు. దారిలో ఆయన అడగలేదు, నేను చెప్పలేదు. ఠాణా చేరేసరికి మూడూ నలభై.

గుమాస్తా లేచి నిలబడి ఒక కాగితం ఇచ్చాడు. సంతోషంగా ఉన్నాడు. అన్సెల్మ్ ఒప్పుకున్నాడు. నిచ్చెన ఎక్కింది తనే, తోసింది తనే. సిరా ఆరిపోయింది. ఎప్పుడు అడిగి రాయించుకున్నారని తెస్సియే అడిగాడు. మేం అడగలేదు, తనే పిలిచాడన్నాడు గుమాస్తా. ఆ పొట్టి కానిస్టేబులు వచ్చి కోటు విప్పమన్నాడట. ఎందుకన్నాడట అన్సెల్మ్. షెడ్డులో ఫిల్ము తీయడానికి, తన కోటు కూడా తీసుకెళ్తున్నారని కానిస్టేబులు చెప్పాడట. అంతే. అన్సెల్మ్ కలం, కాగితం తెమ్మన్నాడట.

మా పరీక్ష ఏం తేలుస్తుందో మాకంటే గంటన్నర ముందే అతనికి తెలిసిపోయింది. పన్నెండేళ్లు ఇటుకరంగు కోటు తొడిగినవాడు. అతణ్ణి విడిపించడానికి నేను వేసిన ఎత్తే అతని చేత సంతకం పెట్టించింది.

కొట్టులోకి వెళ్లాను. చొక్కా మీద ఉన్నాడు. చలికి చేతులు చంకల్లో పెట్టుకున్నాడు. నా కోటు విప్పి కప్పాను. తెస్సియే గుమ్మంలో ఆగాడు.

"ఆ ఫిల్ము ముక్క నీ దగ్గరుందా మార్సియాల్?" అన్నాడు అన్సెల్మ్.

"జేబులో ఉంది."

"ఒక్క అగ్గిపుల్ల చాలు. ఎండుగడ్డి కంటే ముందు అంటుకుంటుంది. ఇన్నేళ్లలో నిన్నేమీ అడగలేదు."

అడగలేదు, నిజమే. తెస్సియే వింటున్నాడు. ఆయన వంక చూడలేదు నేను.

"లూసియాన్ ఎందుకు ఎక్కాడు?"

అన్సెల్మ్ నా కోటు మెడ దాకా లాక్కున్నాడు. "నా కోసం. నాకు చేతకాని మాట చెప్పడానికి. మా నాన్నని వదిలెయ్యండి అని అడగడానికి. అంతకు మించి ఏం జరిగిందో నాకు తెలియదు. నేను కింద ఉన్నాను. వాడి వీపు కనబడింది. అంతే." తర్వాత అన్నాడు, "వాడు మంచివాడు."

 నేను ఇంకొకటి అడిగాను. ఇప్పుడు లూసియాన్ ఏ డ్యూటీలో ఉన్నాడని. కోట రోడ్డు గస్తీ అయ్యుంటుందన్నాడు. అప్పుడు పొట్టి కానిస్టేబులు, కోటు గుండీలు పెట్టుకుంటూ, వెనకనుంచి కల్పించుకున్నాడు.

"బాస్తిదా? కాదండి. మంగళవారం సాయంత్రం నుంచి ఆసుపత్రిలో ఉన్నాడు. రెవాల్ గారి గది కాపలా. తనే అడిగి వేయించుకున్నాడు. ఇంటికి కూడా పోలేదు. మూడింటికి కబురొచ్చింది, ఇన్‌స్పెక్టర్ గారు లేరని చెప్పలేదు. రెవాల్ గారు కళ్లు తెరిచారట. మాట ఇంకా రాలేదట. నీళ్లకి సైగ చేశారట. బాస్తిదే తాగిస్తున్నాడు."

అన్సెల్మ్ లేచి నిలబడ్డాడు. నా కోటు కింద పడింది.

"గదిలో ఇంకెవరున్నారు?"

"ఎవరూ లేరండి. నర్సుకి ఇంకో ముప్ఫై మంచాలున్నాయి."

రెవాల్ నోట మొదటి మాట వస్తే లూసియాన్ గతి ఏమవుతుందో మా ముగ్గురికీ తెలుసు. పిల్లాడు పశ్చాత్తాపంతో ఆ మంచం పక్కన కూర్చున్నాడో, ఆ మొదటి మాట కోసం కాచుకుని కూర్చున్నాడో మాలో ఎవరికీ తెలియదు. తండ్రికి కూడా తెలియదు. అతని మొహం చూస్తే ఆ సంగతి అర్థమైంది. మూడు వందల సినిమాల్లో ఆ మొహం నేను చూడలేదు.

"నన్ను తీసుకెళ్లండి" అన్నాడు తెస్సియేతో. "నేను పిలిస్తే ఆగుతాడు. చిన్నప్పటినుంచీ అంతే."

ఒప్పుకోలు కాగితం తెస్సియే చేతిలోనే ఉంది. చింపలేదు. మడిచి లోపలి జేబులో పెట్టుకున్నాడు. కటకటాల తలుపు తనే బార్లా తెరిచాడు. బయట నాలుగు కొడుతోంది. మేజిస్ట్రేటు బండి గుమ్మంలో నిలబడి ఉంది. ముగ్గురం ఎక్కాం. బండివాడు పారిస్ వైపు మళ్లించబోతే తెస్సియే ఆసుపత్రి పేరు చెప్పాడు. గుర్రాలకి ముందు నీళ్లు పెట్టాలన్నాడు బండివాడు.

వద్దు, బండి పోనీ అన్నాడు తెస్సియే.